నున్నగా చేయకూడని రాయి

మధ్యాహ్నం రంపాలు ఆపిన తర్వాత మా గ్రానైట్ యార్డులో ఎండకు కాగిన రాళ్ళ మీద పైపుతో నీళ్ళు కొడతారు. అప్పుడు లేచే వాసన తొలకరి వాసనలాగా ఉండదు. ఇనుమూ సున్నమూ కలిపి నాలుకకు తగిలినట్టుంటుంది. కుప్పంలో ఈ యార్డులో చేరిన నాటి నుంచీ, పదిహేనేళ్ళుగా, ఆ వాసనలోనే నా మధ్యాహ్నం టీ. నేను కూర్చునే బెంచీ అద్దంలా మెరిసే పచ్చరాయి. జర్మనీకి పోవలసింది, పోకుండా మా టీ బెంచీ అయింది. నిన్న దాని మీద కూర్చునే ఫోన్లో ఒక మెయిల్ చదివాను. జర్మనీలో ఒక చిన్న ఊరి శ్మశానంలో మేము చేసి పంపిన జంట రాయి ఒకటుంది. రష్యన్ అక్షరాలున్న సగం మీద ఎవరో ఎర్ర రంగు పోశారట. వారం తిరక్కుండా జర్మన్ అక్షరాలున్న సగం మీద ఇంకెవరో నల్ల రంగు పోశారట. మళ్ళీ కొత్తదానిలా చేయడానికి దారి చెప్పమని ఆ ఊరి సంఘం తరఫున ఒకావిడ అడిగింది. చదివి, అలవాటుగా బెంచీ రెండో చివరకు తిరిగాను, నంజప్ప సార్‌ను అడుగుదామని. ఆయన పోయి రెండేళ్ళయింది.

మీరెవరూ ఆయన్ను చూసి ఉండరు. పుంగనూరు మనిషి. మదనపల్లెలో ముప్పై ఏళ్ళు హైస్కూలు పిల్లలకు చరిత్ర చెప్పి రిటైరయ్యారు. మా ఓనరు ఆయన దగ్గర చదువుకున్నవాడే. విదేశాలకు ఉత్తరాలు రాసిపెట్టే మనిషి కావాలని ఓనరు పోయి అడిగితే, ఇంట్లో కూర్చుంటే భార్య చిక్కుడుకాయలు ఒలిపిస్తోందని అక్కడికక్కడే ఒప్పుకున్నారట. సోమవారం పొద్దున బస్సులో వచ్చి, వారమంతా యార్డు వెనక గదిలో ఉండి, శనివారం సాయంత్రం వెళ్ళిపోయేవారు. చంకలో గొడుగు, జేబులో రెండు పెన్నులు, నోట్లో వక్కపొడి. ఆ నోరు మాత్రం చాలా చెడ్డది. నేను ఉద్యోగంలో చేరిన రోజు రాసిన మొదటి ఉత్తరం చూసి, ఇది ఉత్తరమా పెండ్లి పత్రికా అని అడిగారు. "ఇన్ని మర్యాదలు యాలమ్మా? సెప్పే మాట యాడుండాదో ఎతుక్కోవాల్సొస్తాంది." నాకు ఏడుపొచ్చింది. మా నాయన క్వారీలో రాళ్ళు కొట్టిన మనిషి. ఫ్యాను కింద కూర్చుని నెల జీతం తీసుకోవడం మా ఇంట్లో నాతోనే మొదలు. విదేశాల నుంచి వచ్చే డ్రాయింగు చదివి, ఏ రాయి ఎలా కోయాలో చీటీ రాసి, సంతకం పెట్టి లోపలికి పంపడం నా పని. ఆ పని పోతే ఇంట్లో చెల్లెలి చదువు కూడా ఆగిపోతుందని నాకు ప్రతిరోజూ గుర్తుండేది.

నేను చేరిన రెండో ఏడు ఆ జర్మనీ ఆర్డరు వచ్చింది. డ్రాయింగు చూస్తే నాకేమీ బోధపడలేదు. ఒకే పచ్చరాయిని నిలువునా రెండుగా విరగ్గొట్టాలట. ఒక సగం మీద రష్యన్ పేర్లు, ఇంకో సగం మీద జర్మన్ పేర్లు. విరిగిన ముఖాలు మాత్రం ఎలా విరిగాయో అలాగే, ముట్టుకోకుండా ఉంచాలట. డబ్బిచ్చి విరిగిన రాయి కొనుక్కునే వాళ్ళు కూడా ఉంటారా అని నవ్వాను. సార్ నవ్వలేదు. టీ గ్లాసు పక్కన పెట్టి, రష్యాకూ జర్మనీకీ ఉన్న సంబంధమంతా మన ఇళ్ళల్లో గొడవ చెప్పినట్టే చెప్పారు. రెండు వందల యాభై ఏళ్ళ కిందట జర్మనీ పిల్ల ఒకతె రష్యాకు కోడలుగా పోయి అక్కడ రాణి అయింది. మెట్టినింట భూమి బీడుగా పడి ఉందని, పుట్టింటి వైపు రైతులను పిలిపించి వోల్గా నది పక్కన సేద్యానికిచ్చింది. వాళ్ళు అక్కడే పిల్లాపాపలతో పాతుకుపోయారు. మొదటి ప్రపంచయుద్ధం నాటికి రెండు దేశాల చక్రవర్తులూ దగ్గరి చుట్టాలే. యుద్ధం మొదలయ్యే దాకా ముద్దుపేర్లతో ఒకరికొకరు టెలిగ్రాములు ఇచ్చుకున్నారు. ఆ యుద్ధంలో ఇద్దరూ చితికి, అందరూ వెలివేసినట్టు చూస్తే, మళ్ళీ ఇద్దరూ చేతులు కలిపారు.

రెండో యుద్ధానికి ముందు ఒకరి మీద ఒకరు చేయెత్తబోమని సంతకాలు పెట్టుకున్నారు. ఆ కాగితం కింద ఎవరికీ చూపని ఇంకో కాగితం ఉంది. మధ్యలో ఉన్న దేశాల్లో ఎవరికెంత అని పంచుకున్న కాగితం. రెండేళ్ళు నిండకముందే జర్మనీ సైన్యం రష్యాలోకి దూరింది. చచ్చిపోయిన వాళ్ళను కోట్లలో చెప్పుకోవాలి. ఏ పాపమూ ఎరగని వోల్గా రైతులను, మీరు జర్మన్లు కదా అని, రైళ్ళకెక్కించి సైబీరియాకూ కజకిస్తాన్‌కూ తోలేశారు. దారిలోనే చాలామంది పోయారు. వాళ్ళ మనవలూ మనవరాళ్ళూ యాభై ఏళ్ళ తర్వాత జర్మనీకి వచ్చి చేరారు. "రష్యాలో ఉన్నన్ని దినాలూ జర్మనీ వాళ్ళన్నారు. జర్మనీకొస్తే రష్యా వాళ్ళంటాండారు. ఆళ్ళేనమ్మా ఈ రాయి అడిగేది," అన్నారు సార్. ఆ ఊళ్ళో యుద్ధఖైదీలుగా వచ్చి చచ్చిన రష్యన్లున్నారు, యుద్ధానికి పోయి తిరిగిరాని జర్మన్లున్నారు, రైళ్ళలో పోయిన వీళ్ళ తాతలున్నారు. అందరికీ కలిపి ఒక రాయి. నాకు అప్పుడు అర్థమయింది. మాదీ మూడు రాష్ట్రాల సరిహద్దులో ఉన్న కుప్పమే కదా. కృష్ణగిరి పోతే తెలుగోళ్ళంటారు, తిరుపతి పోతే అరవోళ్ళా అని అడుగుతారు.

అర్థమయింది గానీ పని దగ్గర తప్పు చేశాను. రాయి చక్కగా విరిగింది. అదే వారం బి.కొత్తకోటలో మా పెద్దమ్మ కూతురి నిశ్చితార్థం. తొందరలో చీటీ మీద కొలతలు రాసి, సంతకం గీకేసి బస్సెక్కాను. విరిగిన ముఖాలను ముట్టుకోవద్దని డ్రాయింగులో ఉంది కదా అనుకున్నాను గానీ పాలిష్ చేసే బాషా మేస్త్రికి నోటితో చెప్పలేదు. మేస్త్రి డ్రాయింగు చూసే రకం కాదు, రాయిని చూసే రకం. విరిగిన రాయి మా గేటు దాటకూడదన్నది ఆ యార్డు పుట్టినప్పటి నుంచీ ఉన్న కట్టుబాటు. చీమంత పెచ్చు లేచినా పూడ్చి, రుద్ది, మెరిపించాకే లారీ ఎక్కిస్తారు. మన వాళ్ళు విరిగిన విగ్రహాన్ని గుళ్ళో ఉంచరు, పగిలిన అద్దాన్ని ఇంట్లో ఉంచరు. ఎవరి సమాధికో పోయే రాయిని ఇట్లా పంపుతామా అని ఆయన రెండు విరుగు ముఖాలనూ సాపు చేసి, రెండు దినాలు కూర్చుని పాలిష్ పట్టి, కొబ్బరికాయ కూడా కొట్టాడు. సోమవారం నేను రాగానే చేయి పట్టుకున్నంత పని చేసి లోపలికి పిలుచుకుపోయాడు. అంత మంచి పాలిష్ నేను అంతకుముందు చూడలేదు. పోయి నా చీటీ తీసి చూసుకున్నాను, కొలతలు తప్ప దాని మీద ఒక్క మాట కూడా లేదు.

సార్ బస్సు దిగి నేరుగా అక్కడికే వచ్చారు. రెండు సగాలనూ దగ్గరికి జరపమన్నారు. మునుపు పళ్ళూ చిగుళ్ళూ మాదిరి పట్టేసిన రాళ్ళు ఇప్పుడు రెండు పలకల్లాగా పక్కపక్కన నిలబడ్డాయి. బాషాను ఒక్క మాట కూడా అనలేదు. విరిగింది కనిపిస్తే సరిచేసే చెయ్యి అది, దాని తప్పేముంది అన్నారు. చెన్నై ఏజెంటు ఫోన్లో ఇదే ఇంకా అందంగా ఉందన్నాడు. ఓడకు తేదీ దగ్గర పడింది. ఓనరు కాసేపు తల గోక్కుని, పంపేద్దామన్నాడు.

"ఆడ అంత దగ్గరగా ఎవురు సూస్తారు సార్?"

"సూసే వాళ్ళ కోసమే గదప్పా రాయి పెట్టేది," అన్నారు సార్.

ఓనరు నా వైపు చూశాడు. చీటీ మీద సంతకం నాది. జర్మనీకి నిజం రాస్తే ఆర్డరు పోవచ్చు, నా ఉద్యోగమూ పోవచ్చు. రాయకపోతే ఎవరికీ తెలియదు. ఆ ఉత్తరం మీరే రాసిపెట్టండి అని సార్‌ను బతిమాలుకున్నాను. ఆయన జేబులోని పెన్ను తీసి నా చేతికిచ్చి, ఈ ఒక్క ఉత్తరం నేను రాయను, దిద్దను అన్నారు. నాకు ఒళ్ళు మండింది. నెలనెలా పింఛను వచ్చే వాళ్ళకు నిజం చెప్పడం సులభమే అనేశాను. అన్న తర్వాత భయమేసింది. ఆయన కోపగించుకోలేదు. వక్కపొడి ఉమ్మేసి వచ్చి నా ఎదురుగా కూర్చున్నారు.

"ఆ రెండు దేశాల ఒప్పందం మదనపల్లెలో ముప్పై ఏండ్లు సెప్పినానమ్మా. సంతకాలు పెట్టినారని సెప్పినా. కింద కాగితం సంగతి ఒక్క పిల్లోనికీ సెప్పలా. పరీక్షలో రాదు గదా అని. నున్నంగ జేసి ఇచ్చేసినా."

మళ్ళీ ఆయనే, "సెప్పలేదని నన్నెవురూ ఉద్యోగంలోంచి తియ్యలా. నిన్ను తియ్యొచ్చు. అందుకే నీది నువ్వే రాయాల," అన్నారు.

నాలుగు వాక్యాలు రాశాను. రాయి విరిగిన ముఖాలను మా వాళ్ళు సాపు చేశారు. అవి ఇక ఒకదానితో ఒకటి అతకవు. చెప్పవలసిన మాట నేను చెప్పలేదు. ఇంకొకటి చేయమంటే చేస్తాం. సార్ చదివి, ఒక్క అక్షరం ముట్టకుండా, టీ తాగుదాం పదమన్నారు. దాన్నే మెయిల్లో పంపి, మూడు దినాలు జవాబు కోసం తెరిచి తెరిచి చూశాను. నాలుగో రోజు జవాబొచ్చింది. చెప్పినందుకు సంతోషం, ఆలస్యమైనా ఫరవాలేదు, ఇంకొకటి చేయండి అని. ఓనరు నెల రోజులు నాతో మాట్లాడలేదు గానీ శాంతిపురం క్వారీ నుంచి రాయి మాత్రం తెప్పించాడు. అయితే మొదటిసారి రాయి విరగ్గొట్టిన వాడు బెంగళూరులో పని దొరికి వెళ్ళిపోయాడు. మా యార్డులో మిగిలినవన్నీ మిషన్లు. మిషను కోస్తుంది, విరగ్గొట్టలేదు.

ఆ సంగతి విని మా నాయన పెట్టె అడుగు నుంచి ఇనుప చీలలు తీశాడు. దుమ్ముకు రొమ్ము చెడి ఆరేళ్ళ కిందటే సుత్తి మానేసిన మనిషి. యార్డుకు వచ్చి ఆ రాయి చుట్టూ తిరిగి, సుత్తితో తట్టి, చెవి పెట్టి విన్నాడు. సార్ పక్కన నిలబడి ఏం వింటాండావప్పా అని అడిగితే, "యాడ ఇరగాల్నో రాయే సెప్తాది సార్, మనం తొందరపడకుంటే సాలు," అన్నాడు. గీత వెంబడి వరసగా గుంటలు తొలిచి, చీలలు దింపి, ఒక్కోదాన్ని ఒక్కో దెబ్బ చొప్పున కొట్టుకుంటూ పోయాడు. ఆ చివరి నుంచి ఈ చివరికి, మళ్ళీ ఈ చివరి నుంచి ఆ చివరికి. దగ్గు వచ్చినప్పుడు ఆగాడు. పదోసారి పోతున్నప్పుడు అనుకుంటా, లోపల్నుంచి చిన్న చప్పుడొచ్చింది. రాయి నిలువునా విడిపోయింది. బాషా మేస్త్రి చేతులు వెనక్కి కట్టుకుని నిలబడ్డాడు, ముందుకొస్తే రుద్దేస్తాయేమోనని. సార్ ఆ విరిగిన ముఖాన్ని అరచేత్తో తడిమారు. తర్వాత మా నాయన చేయి పట్టుకుని, మిమ్మల్ని మదనపల్లెకు పిలిపించి నా క్లాసులో ఈ పని చేయించి ఉండాల్సింది అన్నారు. మా నాయనను అంతకుముందు చదువుకున్న వాళ్ళెవరూ ‘మీరు’ అని పిలవలేదు.

రాయి నిలబెట్టాక జర్మనీ నుంచి ఫొటో పంపారు. రెండు సగాల మధ్య జానెడు సందు వదిలారు. ఒక ముసలాయన ఆ సందులో చేయి పెట్టి నిలబడి ఉన్నాడు. సార్ ఆ ఫొటోను పుంగనూరు తీసుకుపోయి చివరి దాకా గోడకు ఉంచుకున్నారు. నున్నగా చేసిన రాళ్ళలో ఒకటి ఓనరు ఇంటి ముందు మెట్టయింది, ఇంకొకటి ఈ బెంచీ. ఆ తర్వాత కూడా ఆ రెండు దేశాల కథ ఆగలేదు. సముద్రం అడుగున గొట్టం వేసుకుని గ్యాసు అమ్ముకున్నారు, కొనుక్కున్నారు, అంతా బాగుందన్నారు. ఉక్రెయిన్‌లో యుద్ధం వచ్చి అదీ తెగింది. సార్ అప్పటికి మంచంలో ఉన్నారు. నేను చూడ్డానికి పోతే, మన రాయి ఎట్లుండాదని అడిగారు. బాగుందన్నాను. "బాగుండాదని కాదు, ఎట్లుండాదో సెప్పు," అన్నారు. నాకు తెలియదని ఒప్పుకున్నాను.

నిన్న ఆ బెంచీ మీదే కూర్చుని జర్మనీకి జవాబు రాశాను. పాలిష్ ముఖాల మీద రంగు ఏం పెట్టి తుడిస్తే పోతుందో చెప్పాను. విరిగిన ముఖాల్లోకి దిగిన రంగు పూర్తిగా పోదు. గీకి తీయాలంటే సాపు చేయాలి, సాపు చేస్తే ఆ రెండూ ఇక ఎప్పటికీ అతకవు. మరకలు ఉండనివ్వండి అని రాశాను. బాషా మేస్త్రికి చెబితే, నన్ను విమానం ఎక్కిస్తే ఒక గంటలో మెరిపిస్తాను కదమ్మా అని గొణిగాడు. పంపే ముందు ఒకసారి చదువుకున్నాను. మర్యాదలు ఎక్కువైన చోట రెండు మాటలు కొట్టేశాను. ఎవరికీ చూపించకుండా పంపేశాను. కింద బెంచీ చల్లగా, నున్నగా ఉంది. ఇన్నేళ్ళలో దాని మీద ఒక్క మరకా నిలవలేదు, దానికి జత కుదిరే రాయీ దొరకలేదు.