మా గోడ మీద గిర్దావర్

గళ్లలో కథలు గీసి బతికానని చెప్పుకుంటాను. బతకడం అన్న మాటను ఎవరూ తరచి అడగలేదు కాబట్టి ఇంతవరకు ఇబ్బంది రాలేదు. ఆ విద్య నాకు నేర్పింది జపాను. ఆ దేశానికి ఈ సంగతి తెలియదు.

నిజాం కాలంలో నారాయణఖేడ్ బజారులో జపాను పింగాణీ కప్పులు అమ్మేవారు. అవి పగలకుండా చుట్టి తెచ్చిన పాత కాగితం ఒకదాని మీద గళ్లు గీసి, గడికొక బొమ్మ వేసి ఉంది. ఒక లావుపాటి మనిషి, ఒక కుక్క, ఒక చేప. ఒక్క అక్షరం రాకపోయినా ఎవరు ఎవరిని మోసం చేశారో నాకు పూర్తిగా అర్థమైంది. పట్నంలో కాలేజీ చదివినన్నాళ్లూ ఏ పాఠమూ అంత పూర్తిగా అర్థం కాలేదు. కప్పు కొనకుండా కాగితం అడిగి తెచ్చుకున్నాను. నా చదువు అయిపోయిందని నాయిన అనుకున్నాడు. అప్పుడే మొదలైందని నేననుకున్నాను.

నాయిన నాకోసం తహసీలు కచేరీలో గుమాస్తా నౌకరీ చూస్తున్నాడు. అది గిర్దావర్ ఒక మాట చెబితే వచ్చేది. గిర్దావర్ అంటే భూముల తనిఖీకి ఊళ్లు తిరిగే సర్కారు అధికారి. ఆయన దిగినచోటికి కోడో మేకో తనంతట తాను నడిచి రావాలి. రాకపోతే ఆయనే వెళ్లి తోలుకొచ్చేవాడు. ఆ ఏడు మా పక్కింటి అవ్వ మేక వంతు వచ్చింది. అవ్వకున్నది అదొక్కటే. ఆమె తాడు వదలకపోతే, "నీ మేకకు సర్కారు నౌకరీ దొరికిందనుకో ముసల్దానా" అన్నాడట. నాకంటే ముందు మేకకు దొరికింది.

మా ఇంటి గోడ వారం వారం అంగడి జరిగే వైపుకు ఉంటుంది. అంగడి రోజు పొద్దున్నే ఎర్రటి జాజుమట్టితో దాని మీద వరసగా మూడు గళ్లు గీశాను. మొదటి గడిలో అవ్వ, ఆమె చేతిలో మేక తాడు, దూరంగా బక్కపలచని గిర్దావర్. రెండో గడిలో తాడు ఇద్దరి చేతుల్లోనూ ఉంది, గిర్దావర్‌కు కాస్త పొట్ట వచ్చింది. మూడో గడిలో మేక ఆయనది, పొట్ట గీత దాటి బయటికి వచ్చింది, అవ్వ చేతులు జోడించింది. మీసమూ టోపీ చూస్తే ఎవరో అడగనక్కర్లేదు. మనూరు నుంచి, కల్హేరు నుంచి వచ్చినవాళ్లు నిలబడి చూసి, నవ్వు కనపడకుండా నోటికి తువ్వాల అడ్డం పెట్టుకుని ముందుకు నడిచారు.

నాయిన చూశాడు. "నౌకరీ ఇచ్చేటోని పొట్టనే దొరికిందారా నీకు?"

"కొలత తప్పిందా నాయినా?"

"తుడువు జల్దీ. ఆయన వస్తుండు."

ఆయన వచ్చేశాడు. గోడ ముందు నిలబడి చాలాసేపు చూశాడు. మెల్లగా మొహం విప్పారింది.

"షాబాష్ మియా! నా గురించి గింత మంచిగ ఎవ్వడు గియ్యలె. చేతులు జోడిస్తే ముసల్దానికి మేకనిచ్చిన. రయ్యతుల కోసం తిరిగి తిరిగి గిట్ల సన్నబడ్డ. గంతే గదా?"

ఆయన ఉర్దూ చదువరి, కుడి నుంచి మొదలుపెట్టాడు. పరీక్షలన్నీ ఉర్దూలోనే రాసి గట్టెక్కిన నాకు ఆ ముక్క ముందుగా తట్టలేదు.

"ఎల్లుండి సంది కచేరీకి రా. చావడి గోడ మీద గూడ గిదే గియ్యి" అన్నాడు. నాయిన వంగి సలాం చేశాడు. ఆ పూట మా ఇంట్లో పాయసం వండారు. తిన్నాను. బాగానే ఉంది.

గిర్దావర్ మనుషులు అంగడంతా తిరిగి బొమ్మకు అర్థం చెప్పారు. సాయంత్రం అవ్వ వచ్చింది. గడప తొక్కలేదు.

"ఏంరా కాలేజీ పిలగా, గిర్దావర్ నాకు మేకనిచ్చిండని గీసినవంట?"

"అట్ల కాదవ్వా, ఎడమ దిక్కుకెల్లి చూడాలె."

"ఏ దిక్కుకెల్లి చూసినా నా గుంజకు మేక లేదు. ఇచ్చిండంటివి గదా, యాడున్నది? చూపియ్యి."

చూపించలేకపోయాను. ఆమె వెళ్లిపోయింది.

నౌకరీలో చేరవలసిన రోజు పొద్దున గోడ తుడిచి, గళ్లను ఒకదాని కింద ఒకటి గీశాను. తెలుగు వచ్చినా, ఉర్దూ వచ్చినా, కన్నడం వచ్చినా, ఏదీ రాకపోయినా పైనుంచే దిగాలి. కిందనుంచి పైకి చదివే భాష మా తాలూకాలో లేదు. విచారించాను. అడుగున నాలుగో గడి చేర్చాను. అందులో గిర్దావర్, పళ్లెం నిండా మేక బొక్కలు.

"కచేరీకి పోవాల్సినోడివి గోడెక్కినవేందిరా! పాయె, ఇగ నౌకరీ పాయె!" అని నాయిన తిట్లు అందుకున్నాడు. నిచ్చెన జారబోతే తిట్టడం ఆపకుండానే వచ్చి పట్టుకున్నాడు.

ఎండ ఎక్కేసరికి గిర్దావర్ వచ్చాడు. కుడిపక్క నుంచి చూశాడు, ఎడమపక్కకు వచ్చి చూశాడు. తర్వాత ఆయన కళ్లు పైనుంచి కిందికి దిగి బొక్కల దగ్గర ఆగాయి.

"తుడువు."

"గోడ మాది సాబ్."

"మరి నౌకరీ?"

"అది మీది సాబ్. మీ తాననే ఉంచుకోండ్రి."

"జైల్ల ఏపిస్త బిడ్డా!"

"సరే సాబ్. గా పొట్ట మీదేనని కాయితం మీద రాసియ్యుండ్రి, నడుస్త."

జనం చేరారు. ఈసారి తువ్వాలలు భుజాల మీదే ఉన్నాయి. ఆయన ఏమీ రాసివ్వలేదు. మధ్యాహ్నం చావడి నుంచి మనుషులను పంపి గోడంతా సున్నం కొట్టించాడు. నౌకరీ ఇంకెవరికో పోయింది. నాయిన మూడు పూటలు నాతో మాట్లాడలేదు. నేనూ తొందరపెట్టలేదు.

సర్కారు సున్నం చిక్కగా పట్టింది. అంత తెల్లటి గోడ మాకు ఎన్నడూ లేదు. ఆరేదాకా ఆగి, అవ్వను పిలిచి, మేక ఏ రంగుదో అడిగాను.

"నల్లది" అంది. "చెవుల కాడ తెలుపు."

అట్లాగే గీశాను.