పేరు చుట్టూ గడి

1988లో రంగూన్ చైనావాళ్ళ పేటలో నాకొక వీడియో రిపేరు షాపు ఉండేది. షాపంటే పెద్దగా ఊహించుకోవద్దు. పాత మేడ మెట్ల కింద ఒక బల్ల, ఒక టీవీ, నాలుగు స్క్రూడ్రైవర్లు. వెనక గదిలో నేనూ మా ఆవిడ నూకరత్నమూ కాపురం. మా తాత గంజాం నుంచి ఓడెక్కి వచ్చి ఇక్కడి రేవులో బస్తాలు మోశాడు. నేను రేడియోలు విప్పడం నేర్చుకుని, అక్కణ్ణుంచి వీసీఆర్లకు ఎక్కాను. వందల మెషీన్లు బాగు చేశాను. వాటిలో చాలా వాటి సంగతి మరిచిపోయాను. ఒక్క టేపు మాత్రం మరుపుకు రాలేదు.

టేపు సంగతికి ముందు నా కోపం సంగతి చెప్పాలి. పాజ్ నొక్కి టీ తాగడానికి లేచిపోయే మనుషులంటే నాకు ఒళ్ళు మంట. పాజ్ నొక్కితే టేపు ఆగుతుంది గానీ, బొమ్మను చదివే హెడ్ లోపల గిర్రున తిరుగుతూనే ఉంటుంది. ఆగిన చోటునే గీకుతూ ఉంటుంది. కొన్నాళ్ళకు అక్కడ బొమ్మ మీద తెల్ల చార పడుతుంది. ఆ చార ఇంక ఏ మెకానిక్కూ తీయలేడు. ఈ పాఠం నేను షాపుకొచ్చిన ప్రతివాళ్ళకీ చెప్పేవాణ్ణి, విననివాళ్ళను తిట్టేవాణ్ణి.

మా షాపు పైన, మొదటి అంతస్తులో ఆమా ఉండేది. ఆమా అంటే చైనావాళ్ళకు నాయనమ్మ. పేటంతా ఆవిడను అలాగే పిలిచేది. ఎనభైకి దగ్గర పడిన మనిషి. కూతురు డా త్వే యాభై దాటింది, పెళ్ళి చేసుకోలేదు, ఇంట్లో పిల్లలకు చైనీస్ అక్షరాలు నేర్పేది. కొడుకు ఆ వింగ్ ఇరవై రెండేళ్ళ వయసులో హాంకాంగ్ వెళ్ళిపోయి అక్కడ చైనీస్ టీవీ సీరియళ్ళలో నటుడయ్యాడు. వెళ్ళినవాడు మళ్ళీ రాలేదు. మా దేశం తలుపులు అప్పట్లో అలా ఉండేవి. ఉత్తరాలు ఏడాదికి రెండో మూడో, అవీ ఎవరో విప్పి అతికించినవి.

అందుకని ఆమాకు కొడుకంటే టేపుల్లో కనపడే మనిషే. హాంకాంగ్‌లో ఒక బంధువు టీవీ నుంచి సీరియళ్ళు రికార్డు చేసి ఓడ కళాసీల చేతికి ఇచ్చేవాడు. బాగు చేశాక టేపు ఆడించి చూడాలి కాబట్టి నేనూ ఆ వింగ్‌ను ఏళ్ళ తరబడి చూశాను. మొదట్లో బల్లెం పట్టుకుని రాజుగారి వెనక నిలబడే భటుడు. తర్వాత నౌకరు, ఆ తర్వాత హోటలు యజమాని, పోలీసు, పెళ్ళికూతురి తండ్రి. వెళ్ళి ఇరవై ఏళ్ళు దాటినా హీరో కాలేదు, ఖాళీగానూ లేడు. అతని జుట్టు పలచబడటం, బొజ్జ రావడం, ముందు పన్ను ఒకటి కట్టించుకోవడం నా బల్ల మీది టీవీలోనే చూశాను.

పైగా అతను తెగ చచ్చేవాడు. కత్తి పోటుకి, విషానికి, వరదకి, ఒకసారి పులికి కూడా. ఆమా ఏ మాత్రం చలించేది కాదు. "ఈ పాలి బాగా సచ్చినాడు" అని మెచ్చుకుంటూ అన్నం కలుపుకునేది. (మేం మాట్లాడుకునేది బర్మీస్‌లో. ఇక్కడ మా ఇంటి తెలుగులో రాస్తున్నాను. పేరు ముందు మగవాళ్ళకు కో, పెద్ద ఆడవాళ్ళకు డా అనడం అక్కడి మర్యాద.)

ఆ ఏడాది ఆగస్టులో ప్రభుత్వం దిగిపోవాలని జనం సమ్మె కట్టి వీధుల్లోకి వచ్చారు. రేవు ఆగింది, పోస్టాఫీసు మూతపడింది, నది అవతలి దలాకు వెళ్ళే పడవలు కూడా కొన్నాళ్ళు కదల్లేదు. సెప్టెంబరులో సైన్యం వచ్చింది. తుపాకుల చప్పుళ్ళు, కర్ఫ్యూ, ఇల్లిల్లూ సోదాలు. సెన్సారు స్టాంపు లేని విదేశీ టేపు ఇంట్లో దొరికితే జైలే. ఆమా ఇంట్లో అప్పటికి కొత్త సీరియల్ టేపులు మూడున్నాయి, సమ్మెకు ముందు వచ్చినవి. రెండు చూశారు. మూడోది చూసేలోపు సోదాలు మొదలవడంతో డా త్వే దాన్ని పై కప్పు రేకుల కింద దాచింది. అక్కడ వాన కారింది.

అక్టోబరులో ఒక మధ్యాహ్నం ఆవిడ ఆ టేపు బుట్టలో కూరగాయల కింద పెట్టుకుని నా షాపుకు వచ్చింది. మొహం పీక్కుపోయి ఉంది.

"కో అప్పన్నా, ఇందులో మా తమ్ముడు కనపడతాడో నేదో తెలియాల" అంది.

"ఏటయింది?"

అప్పుడు చెప్పింది. ఈ సీరియల్‌లో ఆ వింగ్ ఒక ఇంటి పెద్ద మావయ్య. రెండో టేపు సగం దాకా ఉన్నాడు. ఆ తర్వాత ఉన్నట్టుండి లేడు. ఎక్కడో దూరాన చనిపోయాడని కబురు, వెంటనే పూజ బల్ల మీద అతని ఫొటో, ముందు అగరొత్తులు. ఆ ఫొటో వేషంలో తీసింది కాదు. మూడేళ్ళ కిందట అతను తల్లికి పంపిన సొంత ఫొటో. అదే ఫొటో ఆమా గదిలో గోడకు ఉంది.

"ఇన్నిసార్లు సచ్చినా శవం కనపడీది. ఈ పాలి శవం నేదు, ఫొటో ఒక్కటే ఉన్నాదని అమ్మ పట్టుకున్నాది. నిజంగా పోయినోడిని శవంలాగ ఎలగ పడుకోబెడతారు, అందుకే ఫొటో ఎట్టీసినారు అంటాది. నానేటి సెప్పగలను? ఉత్తరం నేదు, టెలిగ్రాం నేదు."

సీరియల్ మధ్యలో నటుడు పోతే అలా ఫొటో పెట్టి కథ నడిపిస్తారని నేనూ విన్నాను.

ఆమా అప్పటికే గోడ మీది ఫొటో దించి, ముందు అగరొత్తి వెలిగించింది. నాలుగు వారాలుగా గంజి తప్ప ఏదీ ముట్టలేదు. తడింజు పున్నమికి, అంటే బౌద్ధుల దీపాల పండక్కి, భిక్షువులను పిలిచి కొడుక్కి కర్మ చేయిస్తానంటోంది. పున్నమి ఇంకా ఆరు రోజులుంది.

"బతికున్నోడికి కన్నతల్లి కర్మ సేస్తే అంతకన్నా పాపం ఉన్నాదా, కో అప్పన్నా? మరి నిజంగా పోనాడంటే, సెయ్యకపోతే అదీ పాపమే" అని డా త్వే కళ్ళు తుడుచుకుంది.

టేపు విప్పి చూస్తే నా ప్రాణం ఉసూరుమంది. అంచు పొడుగునా తెల్లటి బూజు. బూజు టేపును మెషీన్‌లో పెడితే అదంతా హెడ్‌కు పట్టుకుంటుంది, మెషీనూ పోతుంది. రికార్డు చేసిన బంధువు టేపు వెనక్కి తిప్పకుండా పంపాడు. దాంతో కథ లోపలి చుట్లలో ఉండిపోయింది, చివరి భాగం పై చుట్లలో ఉండి వాన నీళ్ళన్నీ తాగింది. ఇలాంటప్పుడు మా పనిలో ఒకటే పద్ధతి. పాడైన పై చుట్లు కత్తిరించి పారేసి, కొసకు కొత్త లీడర్ అతికించడం. టేపు అయిపోయిందని మెషీన్‌కు తెలియజేసే ముక్కను లీడర్ అంటారు. కథ అయిపోయాక వచ్చే పేర్ల పట్టీ ఎవరికి కావాలి? స్పిరిట్ కూడా నా దగ్గర పావు సీసానే ఉంది, ఊళ్ళో ఎక్కడా దొరకడం లేదు. కథ తుడవడానికే అది చాలదు. పై చుట్లు కోసేస్తానని డా త్వేకు చెప్పి పంపాను.

మర్నాడు పొద్దున్నే కత్తెర తీశాను. మెట్ల మీద చప్పుడైంది. తలెత్తితే ఆమా. నాలుగు వారాలుగా మంచం దిగని మనిషి, గోడ పట్టుకుని ఒక్కో మెట్టూ దిగుతోంది. వెనకాలే డా త్వే "అమ్మా, పడిపోతావే" అంటూ.

"కోసీసినావేటి?" అంది ఆమా.

"నేదు, ఇంకా కొయ్యనేదు."

ఆవిడ మెట్టు మీద కూలబడి ఊపిరి పీల్చుకుంది. "ఆ సివరే నాకు గావాల. కథతో నాకేటి పని? సివర్న పేర్లొస్తాయి. పనిలో ఉండగా పోనోళ్ళ పేరు సుట్టూ గడి గీస్తారు. నా కొడుకు పేరు సుట్టూ గడి ఉన్నాదో నేదో సూడాల."

"నాను సైనా అచ్చరాలు సదవలేను కదా, ఆమా."

"గడి సూడ్డానికి సదువెందుకు?"

కత్తెర సొరుగులో పడేశాను. సిగ్గేసింది కూడా. ఆ టేపులో ఏది పనికొస్తుందో ఆవిడను అడగకుండా నేనే తేల్చేశాను.

నూకరత్నానికి మాత్రం కోపం వచ్చింది. "ఇదిగో, సోల్జర్లొచ్చి ఈ టేపుకి స్టాంపేదీ అంటే ఏటి సెప్తావు? నిన్ను అట్టుకుపోతే నా గతేటి?" అని గొణిగింది. గొణుగుతూనే తన పాత లుంగీ, ఉతికి ఉతికి మెత్తబడింది, ముక్కలుగా చింపి తెచ్చి నా ముందు పెట్టింది. దూది అయితే పోగులు వదులుతుంది. ఆ గుడ్డ వదల్లేదు.

మూడు రోజులు పట్టింది. మూరెడు టేపు బయటికి లాగడం, స్పిరిట్ తడి గుడ్డతో రెండు వైపులా తుడవడం, ఆరనివ్వడం, చేత్తో చుట్టడం, మళ్ళీ మూరెడు. నూకరత్నం గుమ్మంలో కూర్చుని బియ్యం ఏరుతున్నట్టు వీధి కనిపెట్టింది. రెండుసార్లు సోల్జర్లు వీధిలో నడిచి వెళ్ళారు. రెండుసార్లూ ఆ టేపు బియ్యం చేటలోకి వెళ్ళి వచ్చింది. మూడో రోజుకి సీసా ఖాళీ. చివరి భాగం మాత్రం శుభ్రపడింది.

మధ్యాహ్నం కరెంటు రాగానే నా మెషీన్‌లో పెట్టాను. మొదట తెరంతా తెల్ల చుక్కల మంచు. ట్రాకింగ్ బిళ్ళ తిప్పాను. హెడ్ దారీ టేపు మీది గీతల దారీ ఒకటయ్యేలా సరిచేసేది అదే. మెల్లగా బొమ్మ కట్టింది. నల్ల తెర మీద తెల్ల అక్షరాలు కింద నుంచి పైకి పోతున్నాయి. ఒక్కో పేరూ చూస్తూ కూర్చున్నాను. గడి లేదు, లేదు, లేదు.

ఉంది.

ఒక పేరు చుట్టూ చక్కగా గీసిన గడి. అది ఎవరి పేరో నాకు తెలియదు. వెంటనే మెషీన్ ఆపేశాను. ముందుకు చూసే ధైర్యం లేకపోయింది. ఈ కబురు ఆ మెట్లెక్కి నేనెలా చెప్పాలి?

"సెప్పకపోతే ఆవిడ ఇంకా నలిగిపోతాది. ఎల్లు" అంది నూకరత్నం.

వెళ్ళాను. ఆమా గదిలో అగరొత్తి వాసన. ఫొటోలో ఆ వింగ్ నవ్వుతున్నాడు. వాళ్ళ మెషీన్ హెడ్ తుడిచి, టేపు పెట్టి, డా త్వేను తెరకు దగ్గరగా కూర్చోమన్నాను. "ఒక గడి ఉన్నాది. ఎవరిదో నాకు తెలీదు" అని చెప్పేశాను. దాచడం చేత కాలేదు.

పేర్లు కదిలాయి. ఆమా తెర వైపు చూడటం లేదు, కూతురి మొహమే చూస్తోంది. గడి కింద నుంచి పైకి వచ్చింది. డా త్వే పెదవులు కదిలాయి. తర్వాత గట్టిగా ఊపిరి వదిలింది.

"తమ్ముడిది కాదమ్మా. మేకప్ సేసే ముసలాయనెవరో. తమ్ముడి పేరు పైనే ఎల్లిపోనాది, గడి నేదు."

ఏడుస్తూనే నవ్వింది, వెంటనే నోటి మీద చెయ్యి వేసుకుంది. "ఆయనకీ ఒక ఇల్లుంటాది కదా. నానేటి ఇలగ సంతోషిస్తన్నాను?" అంది.

ఆమా ఇప్పుడు తెర వైపు తిరిగింది. ఒక్క గడి లేనంత మాత్రాన ఆవిడకు నమ్మకం చాల్లేదు. నేను టేపు ఆపబోయాను.

"ఉండనీ" అంది.

పేర్లు అయిపోయి ఒక నిమిషం గీతలు. ఆ బంధువు రికార్డింగ్ ఆపడం మరిచిపోయినట్టున్నాడు. తర్వాత తెర మీద ఒక విందు. సీరియల్ పూర్తయినందుకు నటులంతా బల్లల చుట్టూ భోజనాలు చేస్తున్నారు. మధ్యలో పూజ బల్ల, దాని మీద అదే ఫొటో. ఫొటో పక్కనే నిలబడి ఉన్నాడు ఆ వింగ్, మామూలు చొక్కాలో, పళ్ళన్నీ బయటపెట్టి నవ్వుతూ. కట్టించుకున్న పన్నుతో సహా. ఒక పెద్దమనిషి అతని చేతిలో ఎర్ర కవరు పెట్టాడు. అతను దాన్ని తన ఫొటో నుదుటికి ఆనించి, అందరూ గొల్లుమంటుంటే జేబులో పెట్టుకున్నాడు.

డా త్వే తర్వాత నాకు చెప్పింది. సీరియల్‌లో చచ్చిన వేషం వేసినవాడికి, ఫొటో పూజ బల్లెక్కినవాడికి, కీడు తగలకుండా ఎర్ర కవరు ఇస్తారట. బతికున్నవాడికే ఇస్తారు.

ఆమా లేచి నిలబడింది. కొడుకు దొరికిన ఆనందంతో ఏడుస్తుందనుకున్నాను. తిట్ల దండకం ఎత్తుకుంది.

"ఎదవ! నన్ను దాసుకోమని కాదేటి ఆ ఫొటో అంపినావు? సచ్చినోళ్ళ బల్ల మీద ఎట్టడానికి నీ సొంత ఫొటోయే దొరికినాదా? అమ్మ సూస్తాదని తెలీదా?" తిడుతూనే అగరొత్తి పీకి నీళ్ళలో ముంచింది, ఫొటో తీసి గోడ మేకుకు తగిలించింది. అప్పుడు ఆవిణ్ణి పట్టుకుని కూర్చోబెట్టాను. "త్వే, అన్నం ఎట్టు. ఆకలేస్తన్నాది" అంది. నా గుండెల మీద నుంచి బస్తా దించినట్టయింది. నేనూ ఏడ్చాను, దాచడమెందుకు.

అన్నం కంచం ఒళ్ళో పెట్టుకుని ఆమా అంది: "మళ్ళీ ఎయ్యి. కవరిచ్చిన కాడ ఆపు."

పాజ్ నొక్కాను. ఎర్ర కవరు పట్టుకుని ఆ వింగ్ నవ్వుతూ ఆగిపోయాడు. లోపల హెడ్ అదే చోట గీకుతోందని నాకు తెలుసు, ఇంకెవరైనా అయితే అప్పుడే పాఠం చెప్పేవాణ్ణి. ఆ రోజు నోరు విప్పలేదు. ఆమా తెర వైపు చూస్తూ కంచం ఖాళీ చేసింది. పున్నమికి భిక్షువులు వచ్చారు, కర్మకు కాదు, మామూలుగా అన్నదానానికి.

కొన్నేళ్ళకు వీసాలు కాస్త సులువయ్యాయి. ఒక పొద్దున ఎవరో బట్టతలాయన నా బల్ల మీద ఒక టేపు పెట్టాడు. తలెత్తి చూశాను. అలవాటు కొద్దీ నా చెయ్యి ట్రాకింగ్ బిళ్ళ మీదికి వెళ్ళింది. తెర లేకుండా ఆ వింగ్‌ను చూడటం అదే మొదటిసారి. పైనుంచి ఆమా "త్వే, వాడు తిన్నాడా నేదా?" అని అరుస్తోంది.

"ఇందులో విందు కాడ నా మొకం మీద తెల్ల సార ఒకటి ఉన్నాది. తీయగలవా?" అని అడిగాడు, ఎప్పుడో మరిచిపోయిన బర్మీస్ కూడదీసుకుంటూ.

టేపు ఆడించి చూశాను. మిగతా విందంతా శుభ్రంగా ఉంది. కవరు అందుకునే చోట మాత్రం, సరిగ్గా అతని నవ్వు మీదుగా, అడ్డంగా అరిగిపోయిన చార.

"అది బూజు కాదు, తుడిస్తే పోదు" అన్నాను. "మీయమ్మ ఇన్నేళ్ళూ అక్కడే ఆపి సూసినాది."

అతను టేపు తీసుకుని మెట్లెక్కి పైకి వెళ్ళిపోయాడు.