గరగర వినే చెవి

ఆ రోజుల్లో మా ఇంట్లో జబ్బు అంటే మంచం పట్టడమే. నిలబడి కడుపునిండా అన్నం తినగలిగినవాడికి ఒంట్లో బాగాలేదంటే ఎవరూ ఒప్పుకొనేవారు కాదు. జ్వరానికి కాస్త మర్యాద ఉండేది, కామెర్లకు ఇంకాస్త. కాలు విరిగితే చూడటానికి వచ్చేవాళ్ళు బత్తాయిలు కూడా తెచ్చేవారు. చెవి కారడానికి మాత్రం ఏ మర్యాదా లేదు. చిన్నప్పుడు జలుబు చేసినప్పుడల్లా నా కుడి చెవి పోటెత్తి, నన్ను ఏడిపించి, చివరికి దిండు తడిపి ఊరుకొనేది. "చీము బయటికొచ్చింది, ఇగ తగ్గినట్టే" అని అమ్మ ఊపిరి పీల్చుకొనేది. అలా నా చెవి నా చిన్నతనమంతా తగ్గుతూనే వచ్చింది.

ఉప్పల్‌లో మేం అద్దెకున్న ఇంట్లో వాటాకొక వైద్యం ఉండేది. అమ్మది వెల్లుల్లి వేసి కాచిన నూనె. పక్క వాటాలో ఉండే పిన్నిగారిది కాకినాడ వైపు. "తులసి రసం పిండండి వదినగారూ, చేత్తో తీసేసినట్టు పోతుంది" అనేవారు. మేడ మీది మామ అగ్గిపుల్లకు దూది చుట్టి, నా తల తన మోకాళ్ళ మధ్య ఇరికించుకొని శుభ్రం చేసేవాడు. (ఆ చెవిలోకి వెళ్ళినవన్నీ లెక్క వేస్తే ఓ పూట పోపుకి సరిపోతాయి.) అందరూ పోసేవాళ్ళే తప్ప లోపల ఏముందో చూసేవాళ్ళు ఒక్కరూ లేరు. కుడివైపు నుంచి పిలిస్తే నేను పలికేవాణ్ణి కాదు. దానికి మా వాళ్ళు కనిపెట్టిన కారణం పొగరు. ఆ పొగరుతోనే, ఎడమ చెవి ఒక్కదాన్నే నమ్ముకొని, ఐటీఐ ఎలాగో గట్టెక్కాను.

తర్వాత నాచారం ఇండస్ట్రియల్ ఏరియాలో, ఇళ్ళకు నీళ్ళెక్కించే మోటార్లు తయారుచేసే చిన్న కంపెనీలో ట్రైనీగా చేరాను. పని నచ్చితే పర్మనెంట్ చేస్తామన్నారు. అమ్మ ఆ 'పర్మనెంట్' అనే మాటను దేవుడి పేరులా పలికేది. నన్ను వేసింది టెస్టింగ్ బల్ల మీద. అక్కడి సూపర్‌వైజర్‌ని అందరూ గరగర సార్ అనేవాళ్ళు. పొద్దున లేచిన దగ్గర్నుంచి ఆయన అడిగేది "గరగర ఉందా?" అన్న ఒక్కటే ప్రశ్న కాబట్టి ఆ పేరు వచ్చింది. నా కుడి చెవి సరిగా వినపడదని చేరిన రోజే ఆయనకు చెప్పాను. ఆ షెడ్డు మోతలో నా మాట ఆయనకే వినపడలేదు. తల ఊపి, నా చేతిలో బారెడు స్క్రూడ్రైవర్ ఒకటి పెట్టాడు.

"సూడు. మోటార్ తిరుగుతుండంగ దీని మొన బేరింగ్ మూత మీద పెట్టు. పిడి చెవి పక్కన బొక్కకు, గీ ఎముకకు, ఆనిచ్చు. గరగర ఉంటే ఎర్ర చుక్క, లేకుంటే పచ్చ చుక్క. గంతే. గీ మాత్రం దానికి చదువెందుకు?"

కుడిచేత్తో స్క్రూడ్రైవర్ పట్టుకుంటే పిడి వచ్చి ఆనేది కుడి చెవికే. ఎడమ చెవికి పెట్టుకోవాలంటే ఆ ఇరుకులో నేను ముడి పడిపోవాలి. సరే, ఏమీ వినపడదు, అన్నిటికీ పచ్చ చుక్కే పెట్టేద్దాం అనుకొని ఆనించాను. ఒక్కసారిగా తలకాయ మొత్తం మోగిపోయింది! మనుషులు ఎంత అరిచినా ఉలకని చెవిలో మోటార్ వచ్చి కూర్చొని గర్‌ర్‌ర్ అంటోంది. ఇంకొకటి చూశాను, అదీ గర్‌ర్‌ర్. నేను నిజాయితీపరుణ్ణి. మధ్యాహ్నానికల్లా బల్ల మీద ఉన్న మోటార్లన్నిటికీ బొట్టు పెట్టినట్టు ఎర్ర చుక్కలు పెట్టి నిలబడ్డాను.

"ఏందిరా గిది? అన్నీ రిజెక్టేనా? కంపెనీకి తాళం ఏపిద్దామని వచ్చినవా?" అని గరగర సార్ గంతులేశాడు. నా ఎదురుగానే ఒక మోటార్ విప్పాడు. బేరింగ్ అద్దంలా ఉంది. రెండోది విప్పాడు, అదీ అంతే. నన్ను పంపించేయడానికి ఆయనకు ఒక్క మోటార్ చాలు, కానీ కోపంలో మూడోది కూడా విప్పాడు. దాని బేరింగ్ మీద కనిపించీ కనిపించని గీత ఒకటుంది. నా ముందు దాన్ని చూసిన టెస్టర్ పచ్చ చుక్క పెట్టిన మోటార్ అది. సార్ ఆ గీతను గోటితో తడిమాడు, నా మొహం చూశాడు, మళ్ళీ గీతను తడిమాడు. "ఇంకోపారి ఆనిచ్చి సూడు. మొదటిదానికీ, దీనికీ ఫరక్ ఏమన్న తెలుస్తుందా?" అన్నాడు. తెలిసింది. మామూలు హోరు వేరు, దాని కింద సన్నగా నలిగే గరగర వేరు. ఆ రెంటినీ విడదీయడం నేర్చుకున్నాక నన్ను మించిన టెస్టర్ ఆ షెడ్డులో లేడు. డీలర్లు వస్తే సార్ నా దగ్గరికి తీసుకొచ్చి, "మా తాన ఒక చెవి ఉంది" అని చూపించేవాడు. చెవిని చూపించేవాడు, నన్ను కాదు.

ఆ చెవేమో కారుతూనే ఉంది. ఒకరోజు బల్ల దగ్గర కళ్ళు తిరిగి మోటార్ల మీద పడ్డాను. అది పడిపోవడం కాబట్టి ఇంట్లో జబ్బు కింద లెక్కకొచ్చింది. అమ్మ నన్ను ఉప్పల్‌లో చెవి, ముక్కు, గొంతు చూసే డాక్టరమ్మ దగ్గరికి తీసుకెళ్ళింది. ఆమె లైటు వేసి చూసి, "ఇందులో నూనె ఎవరు పోశారు?" అన్నారు. అమ్మ గోడ మీది క్యాలెండర్ వైపు చూసింది. తర్వాత డాక్టరమ్మ రెండు కాళ్ళున్న ఇనుప కడ్డీ ఒకదాన్ని మోచేతికి కొట్టి మోగించి, నా నుదుటి నడిమధ్యన ఆనించి, "ఎటువైపు వినిపిస్తోంది?" అన్నారు. "కుడివైపు" అన్నాను.

"గదే పోయిన చెవి డాక్టరమ్మా! వీడు ఆగం జేస్తుండు. సక్కగ చెప్పురా" అంది అమ్మ.

"సక్కగానే చెప్పాడమ్మా" అని ఆమె నవ్వి, ఓపిగ్గా వివరించారు. జలుబు చేసినప్పుడల్లా ముక్కు వెనక ఉన్న గొట్టం గుండా చెవి నడిమి గదిలోకి ఇన్‌ఫెక్షన్ పాకుతోంది. అక్కడ చీము పట్టి, పట్టి, కర్ణభేరికి చిల్లు పడింది. గాల్లోంచి వచ్చే శబ్దం ఆ చిల్లు దాటి లోపలికి పోలేకపోతోంది. నరం ఇంకా బాగుంది కాబట్టి ఎముక గుండా వచ్చింది మాత్రం వినిపిస్తుంది. పైగా బయటి మోత అడ్డం రాదు కనక మంచి చెవి కన్నా గట్టిగా వినిపిస్తుంది. నేను స్క్రూడ్రైవర్ సంగతి చెప్పాను. ఆమె కాసేపు నవ్వి, వెంటనే మొహం గంభీరంగా పెట్టారు. "లోపలి చిన్న ఎముకల్ని చీము తినేస్తోంది. కళ్ళు తిరగడం అందుకే కావచ్చు. నరం దాకా వెళ్ళిందంటే ఏ ఆపరేషనూ ఆ వినికిడిని తిరిగి తేలేదు. ఆలస్యం చేయకండి."

ఆలస్యం చేయకపోతే అది మా ఇల్లెలా అవుతుంది? ఆటో ఎక్కగానే అమ్మ మొదలుపెట్టింది. "చెవి ఏడికి పోతది బిడ్డా? జర ఆగరాదు. పర్మనెంట్ అయినంక జేపిచ్చుకుందువు." గరగర సార్‌కి చెబితే ఆయన నిజంగా బాధపడ్డాడు. "ఆపరేషనా? మస్తుగ ఇనొస్తున్న చెవిని కోపిచ్చుకుంటవా? వచ్చే నెల సేట్‌తోని మాట్లాడి నిన్ను పర్మనెంట్ జేపిస్త. ఫికర్ జెయ్యకు."

"సార్, నాకు మోటార్లు వినిపిస్తున్నాయి. మనుషులు వినిపించట్లేదు" అన్నాను ఒళ్ళు మండి.

"మనుషులతోని మనకేం పనిరా? మనది మోటార్ల కంపెనీ!"

ఇంతమందిని తిట్టుకొని నేను చేసిందేమిటంటే, ఆగాను. పర్మనెంట్ అంటే నాకూ తీపే. ఆ వానాకాలంలో పట్టిన జలుబుకి ఈసారి ఎడమ చెవి కూడా మూసుకుపోయింది. అప్పుడు తెలిసింది. అమ్మ నోరు కదులుతోంది, మాట లేదు. ఉప్పల్ రింగ్ రోడ్డు దాటుతుంటే ఒక బస్సు నా చొక్కాను రాసుకుంటూ పోయింది, హారన్ లేదు. బల్ల దగ్గరికొచ్చి స్క్రూడ్రైవర్ ఆనిస్తే మోటార్ ఒక్కటే మాట్లాడింది. పక్కన సార్ ఏదో చెబుతున్నాడు, నాకు వినిపిస్తున్నది రెండు ఇంచీల బేరింగ్! ఇక జీవితాంతం నాతో మాట్లాడేవి ఇవేనా అనిపించింది. ఆ సాయంత్రమే ఒక్కణ్ణే వెళ్ళి, డాక్టరమ్మ ముందు కూర్చొని, "మీరేమన్నా నాకు వినపడదు, ఆపరేషన్ తేదీ మాత్రం రాసివ్వండి" అన్నాను.

ముందు మందులతో కారడం ఆపి, ఎడమ చెవి తెరిపించి, ఆ తర్వాత కుడి చెవికి ఆపరేషన్ చేశారు. చెవి వెనక నుంచే పల్చటి పొర తీసి చిల్లుకి అతికారు. కట్టు తీశాక కూడా, పూర్తిగా మానేదాకా తుమ్మాలన్నా, ముక్కు చీదాలన్నా భయపడి బతికాను. (పిన్నిగారు తులసి రసంతో వస్తే అమ్మే గుమ్మంలో అడ్డుపడింది. ఆ విషయం మాత్రం ఒప్పుకోవాలి.) తిరిగి పనిలోకి వెళ్ళి స్క్రూడ్రైవర్ ఆనించాను. షెడ్డు మోతంతా చెవిలోకి వచ్చి పడింది. దాని కింద మోటార్ ఎక్కడో గొణుగుతోంది. సన్నటి గరగర ఎంత వెతికినా దొరకలేదు. నేను పచ్చ చుక్క పెట్టిన మోటార్లు కొన్ని వెనక్కి తిరిగొచ్చాయి. గరగర సార్ తిట్టలేదు, అదే బాధ. పాడైన మిషన్‌ని చూసినట్టు చూసి, నన్ను ప్యాకింగ్‌లోకి మార్చాడు. నాతో చేరినవాళ్ళంతా పర్మనెంట్ అయ్యారు. నేను అట్టపెట్టెలకు టేపు వేస్తూ ఉండిపోయాను.

ఆ రోజుల్లోనే ఒక మధ్యాహ్నం షెడ్డు వెనక గోడ నీడన డబ్బా విప్పుకొని తింటున్నాను. నాకు కుడివైపు, కాస్త వెనగ్గా, మోటార్లకు తీగ చుట్టే వైండింగ్ సెక్షన్ మనుషులు ఇద్దరు కూర్చొని తింటూ నా గురించే మెల్లగా మాట్లాడుకుంటున్నారు. నాకు వినపడదని వాళ్ళ ధైర్యం.

"పాపం, మంచి చెవుండె పోరనికి. ఆపరేషన్ జేపిచ్చుకొని ఖరాబ్ జేసుకున్నడు."

"గట్లనే ఉంటరన్నా. ఉన్నదాన్ని ఉంచుకునే తెలివి లేదు."

ఇంత జరిగాక కూడా నన్నే అంటారా అని, అప్పటి నేనైన ఆ కుర్రాడికి ఒళ్ళు భగ్గుమంది. వెనక్కి తిరిగి నాలుగు దులిపేద్దామని నోరు తెరిచాడు కూడా. అప్పుడు తట్టింది, ఆ మాటలు తనకు ఏ చెవిలోంచి వస్తున్నాయో. ఇప్పుడు తలుచుకుంటే నాకు వాడి మీద జాలి, నవ్వు రెండూ వస్తాయి. చేతిలో ముద్ద అలాగే ఉంచుకొని, నమలడం కూడా ఆపేసి, ఇంకాసేపు తిట్టండి బాబూ అన్నట్టు తల అటు వంచి కూర్చున్నాడు.