కుందేలు రాయి

పొద్దుగాల నమాజ్ అయినంక అజీముద్దీన్ చాయ్ ముట్టకముందే అల్మారా ముంగట నిలవడేటోడు. పై అరల ఉన్న తెల్లరాయి మీదికి మూతి ముడిచి, మెల్లగ ఒక్క ఊదు ఊదేటోడు. దుమ్ము లేచిపోయేది. "బిల్కీస్, కుందేలు లేచింది, చాయ్ తే" అనేటోడు. ఇరవై ఏండ్లు గట్లనే నడిచింది. ఇప్పుడు బిల్కీస్ ఒక్క కప్పే పెట్టుకుంటది. అల్మారా దిక్కు చూడకుండ తాగుతది.

అజీముద్దీన్ బాయిలల్ల బండకు బెజ్జాలు కొట్టే మిషిన్ నడిపేటోడు. బోథ్ అవతల ఒక పత్తిచేన్ల బాయి తవ్వంగ నల్లబండ పగిలితే లోపల గుల్ల ఉండె. గుల్లల దూదిపింజ లెక్క తెల్లటి ముద్ద, దాని మీద కుందేలు బొచ్చు లెక్క, వెంట్రుక కన్న సన్నని నూగు. రుమాల్ల పెట్టి, మంచిర్యాల దాక బస్సుల ఒడిల పట్టుకొనే వచ్చిండు. తెల్లారి బిల్కీస్ ఇంట్ల సామాన్లన్ని తుడిచినట్టే దాన్నీ తడిగుడ్డతోని తుడిచింది. ఒక పక్క నూగంత అతుక్కపోయింది. మల్ల లేవలే. మొగడు తిడుతడని భయపడ్డది.

"కుందేలుకు తానం పోసినవానే!" అని ఆయన కడుపుబ్బ నవ్విండు.

గప్పటిసంది దానికి చెయ్యి తాకలే, గుడ్డ తాకలే. ఊదుడే.

ఏండ్ల రాతిదుమ్ము రొమ్ముల దిగి ఆయనకు ఊపిరి తక్కువైంది. ఆఖరు నెలలల్ల మంచం కాడ నుంచి అల్మారా దాక పోవుడుకు మూడుసార్లు ఆగేటోడు. అయినా ఊదేటోడు. పానం పోయిన రోజు పొద్దుగాల గూడ ఊదిండు. నూగు కదిలిందో లేదో బిల్కీస్‌కు కనవడలే.

"లేచిందా?" అన్నడు.

"లేచింది" అన్నది.

రేపు నలభయ్యో దినం అనంగ ఆడబిడ్డ ముబీనా ఇల్లు దులుపుడుకు వచ్చింది. కాలేజీల రాళ్ల పాఠాలు చెప్పే పక్కింటి ప్రణతి పలకరించ వచ్చి, రాయిని చూసి ఆగిపోయింది.

"అక్కా, దీన్ని ఓకెనైట్ అంటరు. జర్మనీల ఒకాయన పేరు మీద పెట్టిండ్రు."

"ఆయన బాయిలు తవ్వేటోడా?"

"లేదక్కా, పుస్తకాలు రాసేటాయన. నలుగురికి యాదికుండాలని పెట్టిండ్రు."

రాయి పేరంటే దాని రంగో గుణమో చెప్తదనుకున్నది బిల్కీస్. మనిషి యాదికి పెడతరంటే ఆమెకు వింత అనిపించలే. తన ఇంట్ల కుందేలంటే రాయి యాదికొస్తదా? ఆయన నవ్వే వస్తది.

"ఎంత దుమ్ము పట్టిందో!" అని ప్రణతి ముందటికి వంగి మూతి ముడిచింది.

"ఊదకు!"

ఇన్ని రోజులల్ల ఆ ఇంట్ల గంత గట్టిగ ఎవరూ మాట్లాడలే. ప్రణతి ఎనక్కి జరిగింది.

ముబీనా చీపురు పట్టుకొనే తిరిగి చూసింది. "అన్న పోయినందుకు నువ్వు నాలుగు నెలల ఇద్దత్ కూసుంటివి, గడప దాటవు, సరే. రాయిని గూడ కూసుండవెట్టినవా భాబీ?"

"మీ అన్న ఆఖరుసారి ఊదింది దాని మీదనే, ముబీనా. ఈ దుమ్మంత ఆయన పోయినంక పడ్డది. దాని కింద ఆయన ఊదిందే ఉన్నది. ఇంకొకరి ఊపిరి తగలొద్దు."

ముబీనా చీపురు మల్ల ఎత్తింది. బూజు దులిపింది. బిల్కీస్ కింది అరలన్ని ఒక్కొక్కటే తుడుచుకుంట వచ్చింది. పై అర కాడికి వచ్చినంక ముబీనా ఆమె దిక్కు చూసింది.

బిల్కీస్ తడిగుడ్డను పిండి, దండెం మీద ఆరేసింది.