లూసీ భర్త పనిచేసే కాలేజీ

అబ్రహాం వాయించే తీగల వాద్యం పేరు డబుల్ బేస్. నిలబెడితే మనిషి కంటే ఎత్తు, పడుకోబెడితే మంచం చాలదు. మద్రాసు సినిమా రికార్డింగుల్లో పదేళ్లు దాన్ని వాయించాడు. నాయికానాయకులు తోటలో పాడుకుంటుంటే వెనకాల ఎక్కడో ‘దుమ్, దుమ్’ అని రెండు స్వరాలు. అంతే అతని వంతు. రేడియోలో ఆ పాటలు వస్తే, “అదిగో, ఆ దుమ్ము మా ఆయనే” అని లూసీ చుట్టుపక్కల వాళ్లందరికీ వినిపించేది.

1978లో లూసీకి జెర్సీ సిటీలో నర్సు ఉద్యోగం వచ్చింది. ఆమె వెంట భర్త వచ్చాడు, భర్త వెంట బేస్ వచ్చింది. ఆ గర్వం మాత్రం మద్రాసులోనే ఉండిపోయింది.

వచ్చిన ఆర్నెల్లకే అబ్రహాం న్యూయార్క్‌లో ఒక శాక్సఫోన్ ఆయన్నీ, ఒక డ్రమ్ముల ఆయన్నీ పట్టాడు. ముగ్గురూ కలిసి వాయించేదాన్ని ఫ్రీ జాజ్ అంటారు. పాట ఉండదు, తాళం ఉండదు, ముందు అనుకున్నదేదీ ఉండదు. ఈ విద్యలో అబ్రహాంకి సొంత బాణీ ఉందని అక్కడి నలుగురైదుగురు మెచ్చుకునేవారు. వంటింట్లో నిలబడి విన్న లూసీకి ఆ బాణీ కంఠతా వచ్చు. ముందు లావు తీగ మీద కమాను పెట్టి, పై వాటాలో ఎవరో ఇనప బీరువా ఈడుస్తున్నట్టు ఒకే స్వరాన్ని నాలుగు నిమిషాలు లాగుతాడు. తర్వాత అరచేత్తో వాద్యం పొట్ట మీద చరుస్తాడు. ఆపైన కళ్లు మూసుకుని తీగతో పాటు తానూ మూలుగుతాడు.

“హాస్పిటల్లో ఇలా మూలిగేవాళ్లకి ఇంజెక్షన్ ఇచ్చి పడుకోబెడతాం,” అనేది లూసీ.

“కొంచెం వినవే. మద్రాసులో పదేళ్లూ రెండే మెట్లు ఎక్కి దిగాను.”

“ఇప్పుడు మెట్ల మీంచి దొర్లుతున్నారు.”

కారు కొనేటప్పుడు ఆమె రంగు చూస్తే, అతను బేస్ పడుతుందా అని టేపుతో పొడవు కొలిచాడు. అందువల్ల వాళ్ల కారు అచ్చం శవాలబండిలా ఉండేది. 1981లో ఆ ముగ్గురు వాద్యగాళ్లూ కలిసి ఒక రికార్డు కూడా వేశారు. మూడు వందల కాపీల్లో రెండు వందల డెబ్భై మంచం కింద చేరాయి.

ఇదంతా ఇంట్లో మాట. బయట, అంటే జెర్సీ సిటీ తెలుగు క్రైస్తవ సంఘంలో, అబ్రహాం మ్యూజిక్ కాలేజీ ప్రొఫెసరు. అలా చెప్పింది లూసీయే. అమెరికావాళ్ల ఆరాధన అయ్యాక, అదే చర్చిలో ఆదివారం రెండింటికి తెలుగువాళ్లు కూడేవారు. సరిగ్గా ఆ వేళకే న్యూయార్క్‌లో అబ్రహాం వాయింపు. “బ్రదర్ రాలేదేం?” అని పాస్టరుగారి భార్య దీనమ్మ అడిగినప్పుడు, లూసీ నోటికి తగిలిన మొదటి మర్యాదైన మాట కాలేజీ. మూడేళ్లలో ఆ కాలేజీకి ఆదివారం ప్రోగ్రాములూ, పరీక్షలూ, స్టూడెంట్లూ, పీడించే ప్రిన్సిపాలూ ఏర్పడ్డారు. లూసీ సండే స్కూలు టీచరు. ఈ అబద్ధం బయటపడితే పిల్లల ముందు ఏ మొహంతో నిలబడాలన్నదే ఆమె దిగులు.

1982 నవంబరులో ఒక ఆదివారం చర్చిని వెచ్చగా ఉంచే బాయిలర్ చెడింది. చలికి అందరి పళ్లూ కొట్టుకుంటున్నాయి. పాస్టర్ జోసఫ్ ప్రార్థన త్వరగా ముగించి, “అందరం బ్రదర్ అబ్రహాం కాలేజీ ప్రోగ్రాంకి వెళ్దాం. సర్‌ప్రైజ్!” అన్నారు.

“పార్కింగ్ దొరకదండి అయ్యగారూ,” అంది లూసీ.

“వ్యాన్‌లో దింపేస్తారమ్మా.”

“స్టూడెంట్స్ డిస్టర్బ్ అవుతారు.”

“మేం నోరెత్తం.”

దారి చెప్పాల్సింది లూసీయే. తప్పుదారి చెప్పడానికి ధైర్యం చాలలేదు.

పదకొండు మంది, పట్టుచీరలతో, సమోసాల డబ్బాతో, కుట్టుమిషన్ల షాపు పైన నాలుగో అంతస్తుకి మెట్లెక్కారు. లోపల మడతకుర్చీల్లో ఐదుగురున్నారు; వాళ్లలో ఒకాయన నిద్రపోతున్నాడు.

“ఇదేం కాలేజీయే?” అని గొణిగింది దీనమ్మ.

“బ్రాంచి,” అంది లూసీ.

అప్పటికే అబ్రహాం మూలుగులోకి వచ్చాడు. కళ్లు మూతపడి, చెమటలు కారుతూ, ఒళ్లంతా ఊగిపోతున్నాడు. జోసఫ్‌గారు లేచి నిలబడ్డారు. అది పరిశుద్ధాత్మ ఆవేశమేనని ఆయనకి అనుమానం లేకపోయింది. “స్తోత్రం!” అన్నారు. వెనకాలవాళ్లంతా “హల్లెలూయా!” అన్నారు. శాక్సఫోన్ ఆయన ఉలిక్కిపడి, మరుక్షణం ఆ హల్లెలూయాకి జవాబు ఊదాడు. డ్రమ్ములాయన రెచ్చిపోయాడు. నాలుగేళ్లలో వాళ్లకి అంతగా బదులు పలికినవాళ్లు లేరు. నిద్రపోతున్నాయన సైతం లేచి కూర్చున్నాడు. లూసీ ఒక్కతే నోట్లో కొంగు కుక్కుకుని నేల చూసింది.

విరామంలో దీనమ్మ డ్రమ్ములాయన్ని పలకరించింది. “నువ్వు ప్రొఫెసరుగారి స్టూడెంటువా?” అని ఇంగ్లీషులో అడిగింది. యాభై ఏళ్ల ఆ మనిషి పగలబడి నవ్వాడు. వాళ్లకి అబ్రహాం ఏబ్. “ఏబ్ ప్రొఫెసరా? అతనికి ఏ ఉద్యోగమూ లేదమ్మా. మాకెవరికీ లేదు.”

“మరి కాలేజీ?” అని దీనమ్మ లూసీ వైపు తిరిగింది. లూసీ సమోసాల డబ్బా మూత తీయసాగింది. తువ్వాలుతో మొహం తుడుచుకుంటూ వచ్చిన అబ్రహాం, “ఏ కాలేజీ?” అని అడిగాడు. భార్య మొహం చూసి అతనే అర్థం చేసుకున్నాడు.

“ప్రొఫెసర్నా నేను? జీతం మరీ తక్కువిస్తున్నారే,” అన్నాడు. నవ్వుతూనే అన్నాడు గానీ, సమోసా మాత్రం ముట్టలేదు.

మరుసటి ఆదివారం, అందరి ముందూ లేచి తమ అనుభవాలు చెప్పుకునే సాక్ష్యాల వేళ, ఎవరూ పిలవకుండానే లూసీ లేచింది.

“మూడేళ్లు మీకు అబద్ధం చెప్పాను. కాలేజీ లేదు. ఆయన వాయించేది మీరూ విన్నారు కదా, చెప్పుకోడానికి సిగ్గేసింది. సండే స్కూలు ఇంకెవరికైనా ఇచ్చేయండి.”

జోసఫ్‌గారు మెత్తగా, “దేవుడు క్షమిస్తాడమ్మా. బ్రదర్ అబ్రహాంకి త్వరలో మంచి ఉద్యోగం దొరకాలని అందరం ప్రార్థిద్దాం,” అని కళ్లు మూసుకున్నారు.

లూసీ కూర్చోలేదు.

“ఆయనకి ఉద్యోగం ఉందండి అయ్యగారూ,” అంది. “ఇప్పుడు కూడా అక్కడే వాయిస్తున్నారు. మనం వినలేం, అంతే.”