గుర్రం మీద నల్లద్దాలు

నల్లద్దాలు పెట్టుకుని గుర్రం మీద వచ్చాడు హీరో. కాలమేమో రాజులు, కోటలు, కత్తులు! వెనకాల ఎలక్ట్రిక్ గిటారు. డైరెక్టరు కావాలనే పెట్టాడట. కావాలని చేస్తే మాత్రం తప్పు తప్పు కాకుండా పోతుందా? డిగ్రీ కాలేజీలో హిస్టరీ చెప్పుకునే నాకు ఒళ్లు మండిపోయింది.

"అప్పుడు నల్లద్దాలు యాడివి నాయనా?" అని గొణిగాను.

"ఊరికే సూడబ్బా. నీ పాఠం రేపు చెప్పుకుందువు" అన్నాడు నాయన. పొద్దున్నే నగరిలో బస్సెక్కి తిరుపతి వచ్చింది ఈ సినిమా కోసమే. హీరో నేతగాడి కొడుకని ఎవరో చెప్పారట, అంతే. ముప్పయ్యేళ్లుగా నాయన వేరేవాళ్ల పవర్‌లూమ్ మీద కూలికి నేస్తున్నాడు.

తెర మీద నేతగాడి కొడుకు ఏదో దీవికి యువరాజునని చెప్పి కత్తిపోటీలో దిగాడు. నిజం చెబితే కోట గుమ్మం తొక్కనివ్వరు మరి. కన్నతండ్రి గుంపులో నిలబడి చూస్తున్నా ఎరగనట్టే ఊరుకున్నాడు. గెలిచి సేనాపతి అయ్యేసరికి, అంత చిరాకులోనూ నేను ఈల వేశాను.

ఇంటర్వెల్‌లో కాలేజీలో మా డిపార్ట్‌మెంట్ హెడ్డు గారు ఎదురుపడ్డారు. తరతరాలుగా గుడి కైంకర్యంలో ఉన్న కుటుంబం, మాట ఎప్పుడూ మెత్తన.

"నాన్నగారా? నమస్కారమండీ. బట్టల వ్యాపారమని మీ అబ్బాయి చెప్పారు. షాపులెన్ని?"

ఖర్మ! ఉద్యోగంలో చేరిన రోజు నేను వాగిన వాగుడు అది. సమోసా చేత్తో పట్టుకుని గుడ్లప్పగించి నిలబడ్డాను. నాయన నా వైపు ఒక్కసారి చూశాడు.

"రెండు సార్. నగరిలో ఒకటి, పుత్తూరులో ఒకటి."

రెండో సగంలో ఏం జరిగిందో నాకు తెలియదు. ఆ వెధవ గిటారు మాత్రం మోగుతూనే ఉంది. బయటికొస్తూ, ఏదో ఒకటి అనాలని మళ్లీ మొదలుపెట్టాను. "అన్నీ అబద్ధాలే నాయనా. ఆ కాలంలో..."

"ఆపబ్బా!" అన్నాడు. నా విసుగంతా ఇప్పుడు ఆయన గొంతులో ఉంది. "నల్లద్దాలు లేవంటివి, గిటారు లేదంటివి. నేతోని కొడుకు సేనాపతయ్యేది మాత్రం ఆ కాలంలో ఉండెనా? దానికి ఈలేస్తివే! కుదరని కాలం కాబట్టి ఆ పిల్లోడు నాయన్ను దాసిపెట్టినాడు. నీకు కుదిరింది కదా. నువ్వెందుకు దాసినావు?"

కాస్త దూరంలో హెడ్డు గారు స్కూటర్ తీస్తున్నారు. పిలిస్తే వినపడుతుంది. ఆయన హెల్మెట్ పెట్టుకుని, నాయనకు చెయ్యూపి వెళ్లిపోయారు; నేను పిలవలేదు. నాయన కూడా తిరిగి చెయ్యూపాడు, రెండు షాపుల యజమానిలా.