వంత లేని పాదం

జగ్గయ్యపేట చుట్టుపక్కల బ్రహ్మయ్య బుర్రకథ ఉందంటే జనం వచ్చేది బ్రహ్మయ్య కోసం కాదు, జయరాజ్ కోసం. జయరాజ్ హాస్యపు వంత. కథకుడు పాదం పాడి ఆగితే, పక్కన గుమ్మెట కొడుతూ "తందాన తాన" అనడం వంత పని. అది పడందే కథ అడుగు ముందుకెయ్యదు. జయరాజ్ ఆ తందానకి చివర ఓ ఎక్కిళ్ల నవ్వు తగిలించేవాడు. దానికి చంటిపిల్లలు కూడా ఏడుపు ఆపేవాళ్లు.

ఆ నవ్వే ఆయన్ని ఓసారి సినిమాదాకా తీసుకెళ్లింది. హైదరాబాదు వెళ్లి ఒక పాటలో నవ్వి వచ్చాడు. తెరమీద పేరు వెయ్యలేదు. నందిగామ బస్సులో ఆ పాట వస్తుంటే కండక్టరుతో, "ఆ నవ్వింది నేనేనండి" అన్నాడు.

"నవ్వింది చాల్లెండి, టిక్కెట్టు తీసుకోండి" అన్నాడు కండక్టరు. మహానుభావుడు జయరాజ్ ఆ ముక్కని కూడా మర్నాటి కథలో కలిపేసుకున్నాడు.

తర్వాత గొంతు బొంగురుపోయింది. మిరియాల కషాయంతో కొన్నాళ్లు నెట్టుకొచ్చాడు. బెజవాడ డాక్టరు చూసి, పుండు ముదిరిందని, స్వరపేటిక తీసేస్తేనే మనిషి దక్కుతాడని చెప్పాడు.

"గొంతు పోయాక నేనెందుకే?" అన్నాడు జయరాజ్.

"ఎందుకో నాకు తెలుసు. ఒప్పుకో" అంది భార్య ఆరోగ్యమ్మ. ప్రార్థన చేసింది, అన్నం మానేసింది, చివరికి కాళ్లు పట్టుకుంది. ఆయన ఒప్పుకున్నాడు. ఆపరేషన్ గదిలోకి వెళ్లేముందు ఆమె కోసం ఒక్కసారి నవ్వబోయాడు. దగ్గొచ్చింది.

మనిషి దక్కాడు. మెడకి రంధ్రం, అందులో గొట్టం. ఇంటికొచ్చినప్పటి నుంచీ గోడవైపు తిరిగే పడుకున్నాడు. గంజి తెస్తే నోరు తెరవడు. బతికించుకున్నానా, చంపుకున్నానా అని ఆరోగ్యమ్మ వంటింట్లో కుమిలిపోయింది. దిక్కుతోచక బ్రహ్మయ్యకి కబురు పెట్టింది.

బ్రహ్మయ్య వచ్చి మంచం పక్కన కూర్చున్నాడు. ఏం మాట్లాడాలో తెలియక, తెలిసిన పనే చేశాడు. కథ ఎత్తుకున్నాడు. మొదటి పాదం పాడి, అలవాటు కొద్దీ ఆగాడు.

జయరాజ్ ఇటు తిరిగాడు. పెదాలు కదిలాయి. గొట్టంలోంచి గాలి మాత్రం బుస్సుమంది. బ్రహ్మయ్య తల దించేసుకున్నాడు.

ఆరోగ్యమ్మ ఉండబట్టలేకపోయింది. ఏనాడూ వేదిక ఎక్కని మనిషి, "తందాన తాన" అంది.

జయరాజ్ కాదన్నట్టు చెయ్యి ఊపాడు. నోటి దగ్గర వేళ్లు పెట్టుకుని, భుజాలు ఎగరేసి చూపించాడు. నవ్వు మరిచిపోయావంటున్నాడు.

ఆమె నవ్వబోయింది. ఏడుపొచ్చింది. కొంగు నోట్లో కుక్కుకుంది.

మళ్లీ అను అన్నట్టు జయరాజ్ వేలు చూపించాడు. బ్రహ్మయ్య ఇంకా ఆ పాదం దగ్గరే ఆగి ఉన్నాడు.